సెయింట్ క్రాయ్ నేలతొండ



కంచె మీద కూర్చుని తల ఎగరేసే తొండను చూడనివారు మీలో ఉండరు. పెరటి గోడ వెంట పరుగెత్తే ముంగిసను కూడా చాలామంది చూసే ఉంటారు. పసివాణ్ణి పాము బారినుంచి కాపాడిన పంచతంత్రంలోని ముంగిస కథ మీకు తెలుసు. ఈ రోజు మరొక ముంగిస కథ చెబుతాను. ఇందులో ముంగిస సముద్రాలు దాటి వెళ్ళి, ఒక చిన్న తొండజాతిని తుడిచిపెట్టినంత పని చేసింది. అయినా తప్పు ముంగిసది కాదు. ఎందుకో వినండి.

ఉత్తర, దక్షిణ అమెరికాల నడుమ కరేబియన్ సముద్రం ఉంది. అందులోని వర్జిన్ దీవులలో కొన్నింటిని 1917లో డెన్మార్క్ నుంచి అమెరికా సంయుక్త రాష్ట్రాలు కొన్నాయి. వాటిలో పెద్దది సెయింట్ క్రాయ్. అది ఏడాది పొడుగునా వెచ్చగా ఉండే దీవి. ప్రపంచంలో మరెక్కడా లేని ఒక నేలతొండ ఈ దీవిలోనూ, దాని చుట్టుపక్కల చిన్న దీవులలోనూ ఉండేది. కోప్ అనే అమెరికన్ శాస్త్రజ్ఞుడు 1862లో దీన్ని శాస్త్రలోకానికి పరిచయం చేశాడు.

ఈ తొండ చాలా చిన్నది. తోక విడిచి కొలిస్తే మూడంగుళాలకు కాస్త అటూ ఇటూ ఉంటుంది. వీపు లేత గోధుమ రంగు. ఒంటి పొడుగునా చారలు. తోక మీద నీలం, నలుపు కట్లు ఒకదాని తరువాత ఒకటి ఉంటాయి. దీనికి నేలే ఇల్లు. పొద్దెక్కాక ఎండ కాచుకుని, చెట్ల కింద రాలిన ఆకులను కెలికి పురుగులను ఏరుకు తింటుంది. రాత్రి బొరియలో దాక్కుంటుంది. పగలు తిరగడం, నేల మీద తిరగడం - ఈ రెండు అలవాట్లే దాని ప్రాణం మీదికి తెచ్చాయి.

ఆ దీవులలో చెరకు తోటలు విస్తారంగా ఉండేవి. చెరకు ఉన్నచోట ఎలుకలు చేరతాయని మీకు తెలుసుగా! ఎలుకల బాధ పడలేక, 1872లో జమైకా దీవిలోని ఒక తోట యజమాని మన కలకత్తా నుంచి తొమ్మిది ముంగిసలను తెప్పించాడు. వాటి సంతతిని ఇరుగుపొరుగు దీవులకు తీసుకుపోయారు. 1880ల్లో అవి సెయింట్ క్రాయ్ చేరాయి.

కాని ఒక సంగతి ఎవరూ ఆలోచించలేదు. ఎలుక రాత్రి తిరుగుతుంది; ముంగిస పగలు వేటాడుతుంది. ఎలుక చెట్టెక్కి గూడు కట్టుకోగలదు. ముంగిసకు చెట్లెక్కడం అంతగా చేతకాదు. ముంగిసలు కొన్ని ఎలుకలను తిన్నమాట నిజమే. కాని వాటికి పట్టపగలు, కళ్ళెదుట, నేల మీద దొరికింది తొండ. ఏళ్ళు గడిచేకొద్దీ తొండలు తగ్గిపోయాయి. 1968 తరువాత పెద్ద దీవి మీద ఒక్క నేలతొండ కూడా కనిపించలేదు. ఎలుకలు మాత్రం అలాగే ఉన్నాయి!

అదృష్టవశాత్తు ప్రొటెస్టెంట్ కే, గ్రీన్ కే అనే రెండు బుల్లి దీవులకు ముంగిసలు చేరలేదు. మొదటిది ఐదెకరాలైనా ఉండదు. రెండవది 14 ఎకరాలు. ఒక జాతి మొత్తం ఆ కాస్త నేల మీద మిగిలింది. 1977లో ప్రభుత్వం ఈ తొండను అంతరించిపోయే ప్రమాదమున్న జంతువుల జాబితాలో చేర్చింది. గ్రీన్ కే దీవిని ఆ ఏడాదే వన్యప్రాణుల రక్షణ స్థలంగా ప్రకటించింది. అయినా ఒక్క ఉప్పెన వస్తే ఏం గతి? 1989లో హ్యూగో అనే పెనుతుఫాను ఆ ప్రాంతాన్ని అతలాకుతలం చేసింది. తొండలు ఎలాగో బతికి బయటపడ్డాయి.

ధాన్యమంతా ఒకే గాదెలో పోయకూడదని రైతుకు తెలుసు. శాస్త్రజ్ఞులూ ఆ దారినే నడిచారు. సముద్రంలో తవ్విన మట్టి పోయగా ఏర్పడ్డ రూత్ కే అనే దీవికి 1990లో కొన్ని తొండలను చేర్చారు. దగ్గరలోనే బక్ ఐలండ్ అనే దీవి ఉంది. 1968లో అక్కడ తొండలను వదిలితే, ముంగిసలు ఉన్నందువల్ల అవి బతకలేదు. ఈసారి తొందరపడలేదు. 1980ల్లో ముంగిసలను, ఆ తరువాత ఎలుకలను ఆ దీవి నుంచి పూర్తిగా తొలగించారు. 2008లో గ్రీన్ కే నుంచి 57 తొండలను పట్టి తెచ్చారు. మొదట వాటిని కంచె కట్టిన మళ్ళలో ఉంచి, తింటున్నాయో లేదో కనిపెట్టి చూసి, తరువాత కంచె తీసేశారు. ఐదేళ్ళ తరువాత లెక్కవేస్తే, ఆ దీవిలో తొండలు వెయ్యికి పైగా ఉన్నాయని తేలింది!

కాని పిల్లలూ, సెయింట్ క్రాయ్ పెద్ద దీవి మీద నేటికీ ముంగిసలున్నాయి. అందుచేత తొండ తన పాత ఇంటికి ఇంకా తిరిగి పోలేదు.

ముంగిస తన స్వభావం ప్రకారం వేటాడింది. తొండ తన స్వభావం ప్రకారం ఎండలో తిరిగింది. వాటి అలవాట్లు తెలుసుకోకుండా రెండింటినీ ఒకచోట చేర్చినవాడు మనిషి. ఏ ఎలుక ఎప్పుడు తిరుగుతుందో ఒక రాత్రి మేలుకుని చూసి ఉంటే తెలిసేది. అలా చూడనందుకు దిద్దుబాటు వందేళ్ళు దాటినా పూర్తికాలేదు.

రేపు మీ పెరట్లో తొండ కనబడితే రాయి విసరకండి. అది ఎప్పుడు వస్తుందో, ఏం తింటుందో, ఎక్కడ దాక్కుంటుందో కాసేపు ఊరికే గమనించండి. ఇక సెలవు.