పరుల అప్పునకు పూచీ
(గ్రంథాలయ రజతోత్సవ సభలో చేసిన ఉపన్యాసము)



ఇరువదియైదు సంవత్సరములుగా ఈ గ్రామమున చదువునందు ఆసక్తిని పెంచిన గ్రంథాలయపు పండుగలో మాటలాడు భాగ్యము నాకు కలిగినది. కావ్యములను గూర్చి చెప్పుటకు పండితులు పెక్కురు కలరు. నేను న్యాయవాదిని. కావున మీ యిండ్లలో అక్కరకు వచ్చు విషయ మొకటి చెప్పుదును. అది పరుల అప్పునకు పూచీపడుట.

కొన్ని యేండ్ల క్రిందట ఒక రైతు జప్తు నోటీసు చేతబట్టుకొని నా యొద్దకు వచ్చెను. "ప్లీడరుగారూ, నేను ఒక్క రూపాయియు పుచ్చుకొనలేదు. మా బావమరది వ్యాపారమునకు అప్పు తెచ్చుకొనగా సంతకము మాత్రము చేసితిని. వాని మేడ ఉండగా నా పొలముమీదికి రానేల?" అని అడిగెను. ప్రశ్న ధర్మముగానే తోచును. చట్టము మాత్రము వేరు విధముగ నున్నది.

1872 నాటి కాంట్రాక్టు చట్టము 128వ సెక్షను ప్రకారము, పత్రములో వేరుగా వ్రాసికొననిచో, బాకీదారునకు ఎంత బాధ్యతయో పూచీదారునకును అంతే. ముందుగా బాకీదారుని ఆస్తిపై ప్రయత్నించి, పిదపనే పూచీదారుని అడుగవలెనని ఋణదాతను నిర్బంధించుట తగదని 1968లో సుప్రీం కోర్టు తీర్పు చెప్పినది.

అట్లయిన పూచీదారునకు దిక్కు లేదా? కలదు.

మొదట పత్రమును చూడవలెను. పూచీదారుని సమ్మతి లేక షరతులు మార్చినచో, ఆ మార్పు తరువాతి వ్యవహారములకు అతడు బాధ్యుడు కాడు. ఋణదాత తాకట్టు సరకును పోగొట్టినచో దాని విలువ మేరకు పూచీ తగ్గును. ఐతే దావా వేయుటలో ఆలస్యమైన మాత్రమున పూచీ తొలగదు. మరియు ఈ హక్కులను వదలుకొన్నట్లు పత్రమునందే అచ్చువేసి యుండవచ్చును. అందుచేతనే చదువక సంతకము చేయరాదు.

రెండవది జప్తు. సివిలు ప్రొసీజరు కోడు 60వ సెక్షను, సేద్యగాడు కాపురముండు ఇంటిని, అతని పనిముట్లను, జీవనమునకు అవసరమని కోర్టు తలచిన పశువులను, విత్తనములను కాపాడును. తానే తాకట్టు పెట్టిన ఆస్తికి ఈ రక్షణ వర్తింపదు.

మూడవది వేలము. బాకీకి చాలినంత ఆస్తినే అమ్మవలెను. రెండువేల చిల్లర రూపాయల బాకీకై పదియెకరముల భూమిని వేలము వేసిన వ్యవహారమున, ఎంత భాగము చాలునో చూచుట కోర్టు విధియని 1989లో సుప్రీం కోర్టు స్పష్టము చేసినది. వేలము జరిగిన 60 దినములలోపల బాకీ సొమ్మును, కొనుగోలుదారునకై వేలపు ధరలో నూటికి 5 వంతులను డిపాజిటు చేసినచో వేలమును రద్దుచేయించుకొనవచ్చును. మోసము జరిగినచో ఆ గడువులోపలనే అర్జీ పెట్టవలెను.

పూచీదారుడు తన ఇంటినో స్థలమునో బ్యాంకునకు తాకట్టు పెట్టినచో, 2002 నాటి చట్టముక్రింద బ్యాంకువారు కోర్టునకు పోకయే 60 దినముల నోటీసుపై ఆస్తిని స్వాధీనపరచుకొనవచ్చును. అప్పుడు 45 దినములలో ఋణవసూలు ట్రిబ్యునలునే ఆశ్రయింపవలెను. వ్యవసాయభూమికి ఆ చట్టము వర్తింపదు గాని, కోర్టు డిక్రీనుండి మాత్రము దానికి తప్పింపు లేదు.

ఇక ఆ రైతు మాట. అంతకు ముందు వచ్చిన రెండు నోటీసులను చదివించుకొనుటకు సిగ్గుపడి చూరులో దోపినాడట. దావాలో చెప్పుకొనవలసినదంతయు చెప్పకయే డిక్రీ అయినది. ఇల్లు నిలిచినది. నాలుగెకరములలో ఎకరమున్నర పోయినది. చెల్లించిన సొమ్మును బాకీదారునుండి రాబట్టుకొను హక్కు 145వ సెక్షను ఇచ్చుచున్నదని చెప్పితిని. "చెల్లెలి మొగమును చూచి ఆ పని చేయలేనండి" అని వెడలిపోయెను. చట్టము హక్కునిచ్చును గాని, బంధుత్వమును నిలిపి యుంచలేదు.

ఆ చూరులోని కాగితములు సకాలమున ఇటువంటి గ్రంథాలయపు బల్లమీదికి వచ్చియున్నచో, చదివి చెప్పువారు ఒకరైన ఉండెడివారు. కావున నా మనవి యిది. సంతకమునకు ముందు పత్రమును ఇచటికి తెండు. నోటీసు వచ్చిన దినముననే తెండు. చదువ నేర్చినవారు చదివి వినిపింపుడు. అడుగుటలో సిగ్గులేదు, గడువు దాటిన పిదప అడిగి ప్రయోజనము లేదు.

ఈ గ్రంథాలయము స్వర్ణోత్సవమును, వజ్రోత్సవమును జరుపుకొనుగాక యని కోరుచు సెలవు తీసికొనుచున్నాను.