వ్రాయనేరని వారి వాక్కు
(ఒక ఉపన్యాస పాఠం)



నాలుగు వందల యాభై యేండ్లకు పూర్వం ఒక పల్లెటూరి ఇల్లాలి మనసులో ఏముండెనో తెలుసుకొనుట సాధ్యమా? ఆమెకు చదువు రాదు. ఉత్తరం వ్రాసి ఉంచలేదు. రాజుల చరిత్రలో ఆమెకు చోటు లేదు. ఇట్టి మనుషులను వెదకుటకే జీవితాన్ని వెచ్చించిన విదుషి నాటలీ జీమన్ డేవిస్. ఆమె 1928లో అమెరికాలోని డెట్రాయిట్‌లో జన్మించి, 2023లో కెనడాలోని టొరాంటోలో కన్నుమూశారు. ఆమె గ్రంథాలు పదునారవ శతాబ్దపు ఫ్రాన్సు సాహిత్యాన్ని, సంస్కృతిని సామాన్యుల వైపు నుంచి చూపుతాయి.

ఆమె పరిశోధన లియోన్ నగరపు అచ్చుపని కార్మికులతో మొదలైంది. 1952లో రాజకీయ కారణాలపై అమెరికా ప్రభుత్వం డేవిస్ దంపతుల పాస్‌పోర్టులను స్వాధీనం చేసుకొన్నది. గణితశాస్త్రజ్ఞుడైన భర్త ఉద్యోగం పోగొట్టుకొని, 1960లో కారాగారవాసం కూడా అనుభవించారు. ఫ్రాన్సులోని దస్తావేజులు ఆమెకు అందకుండా పోయాయి. ఆమె నిరాశ చెందక, అమెరికా గ్రంథాలయాలలో ఉన్న పదునారవ శతాబ్దపు ముద్రిత గ్రంథాలను ఆశ్రయించారు. పుస్తకమే ఆమెకు సమాజాన్ని చూపే సాక్షి అయింది. 1975లో వెలువడిన ఆమె వ్యాససంపుటిలో అచ్చుపుస్తకం పల్లెకు ఎట్లు చేరినదన్న చర్చ ఉన్నది. చదువు వచ్చిన ఒక్కరు రాత్రివేళ పైకి చదువగా, పదిమంది చుట్టూ కూర్చుండి వినేవారు. అక్షరం రానివాడు సాహిత్యానికి దూరం కాడని ఆమె నిరూపించారు.

1983 నాటి ‘మార్టిన్ గెర్ పునరాగమనం’ ఆమెకు లోకవిఖ్యాతిని తెచ్చిన గ్రంథం. మార్టిన్ కుటుంబం ఫ్రాన్సు, స్పెయిన్ సరిహద్దులోని బాస్క్ ప్రాంతం నుంచి ఆర్తిగా అనే పల్లెకు వలస వచ్చినది. వారు అక్కడి భాష నేర్చారు, ఆచారాలు స్వీకరించారు, ఇంటిపేరును సైతం స్థానికులకు తగినట్లు మార్చుకొన్నారు. 1548లో మార్టిన్ భార్య బెర్త్రాండ్‌ను, బిడ్డను విడిచి వెళ్లిపోయాడు. 1556లో ఒకడు వచ్చి తానే మార్టిన్‌నన్నాడు. బెర్త్రాండ్ అతనిని భర్తగా స్వీకరించినది. కొంతకాలానికి ఆస్తి తగాదా పుట్టి, వ్యవహారం తులూజ్ న్యాయస్థానానికి ఎక్కినది. ఫొటోలు, వేలిముద్రలు లేని కాలం. మార్టిన్ పాదం ఇంతకంటె పెద్దదని పాదరక్షలు కుట్టేవాడు సాక్ష్యమిచ్చాడు. బాస్క్ సంతతివాడై ఉండి ఆ భాషలో కొద్ది మాటలు తప్ప రాకపోవడమేమన్న సందేహమూ వచ్చినది. అతడు నిర్దోషిగా బయటపడనున్న దశలో, కొయ్యకాలితో అసలు మార్టిన్ వచ్చి నిలిచాడు. 1560 సెప్టెంబరులో మోసగాడిని ఉరితీశారు. న్యాయాధిపతులలో ఒకరైన జాఁ ద కొరాస్ 1561లో ఈ కథను గ్రంథంగా ప్రకటించాడు.

బెర్త్రాండ్ మోసపోలేదని, తెలిసియే అతనితో కాపురం నిర్మించుకొన్నదని డేవిస్ అభిప్రాయం. 1988లో రాబర్ట్ ఫిన్లే దానికి ఆధారాలు చాలవని తీవ్రంగా విమర్శించగా, ఆమె సవివరంగా బదులిచ్చారు. తన రచనలో ఊహ కొంత ఉన్నదని, నాటి ఆధారాలే దానికి కళ్లెమని ఆమె గ్రంథారంభంలోనే స్పష్టపరచారు. పండితుని నిజాయితీకి ఇది ఉదాహరణ.

1987లో వెలువడిన మరొక గ్రంథంలో ఆమె రాజును క్షమాభిక్ష కోరిన అర్జీలను పరిశీలించారు. నేరారోపణకు గురైనవాడు నోటితో చెప్పగా లేఖకుడు ఫ్రెంచిలో వ్రాసేవాడు. కథ నమ్మదగినదైతే ప్రాణం దక్కును, కాకున్న ఉరి. కనుక కథ చెప్పే నేర్పు ఆ నిరక్షరాస్యులకు విలాసం కాదు, ప్రాణాధారం. ఆ పత్రాలలో అబద్ధమున్నదా అని మాత్రమే గాక, ఆ కథను ఎట్లు అల్లినారని కూడా డేవిస్ అడిగారు. ఆ ప్రశ్నతో న్యాయస్థానపు కాగితాలు సాహిత్యమైనాయి.

పరభాషా ప్రాంతాలలో తరతరాలుగా స్థిరపడిన తెలుగు కుటుంబాలకు మార్టిన్ ఇంటివారి కథ కొత్తది కాదు. వచ్చిన ఊరి భాషను నేర్చుట బ్రతుకుతెరువు. అందులో తప్పు లేదు. కాని ఇంటిభాషలో కొద్ది మాటలు మాత్రమే మిగులుట ఒక్క తరంలోనే జరుగగలదు. ఆ మిగిలిన మాటలు, ఆ వలస వివరం ఎవరో వ్రాసి ఉంచినందువల్లనే డేవిస్ చేతికి చిక్కినవి.

డెబ్బదియైదు వసంతాలు నిండిన తెలుగు పాఠశాలకు ఇందులో ఒక కర్తవ్యం కనిపిస్తున్నది. పాత ప్రవేశ రిజిష్టర్లను చెదలపాలు కానీయరాదు. అవ్వలు చెప్పే వలస కథలను, పొలం పలుకులను, సామెతలను పిల్లలచేత వ్రాయించవలె. ఇంటి పెట్టెలోని పాత ఉత్తరాలు, దస్తావేజులు చిత్తుకాగితాలు కావని పెద్దలు గుర్తించవలె. రాబోయే చరిత్రకారునికి ఈనాటి ఒక నోటుపుస్తకమే సాక్ష్యం కావచ్చును. వ్రాయనేరని వారి వాక్కును వ్రాయనేర్చిన వారు కాపాడుటయే చదువుకు సార్థకత.