పార్టీ వేరైతే పలకరింపు మానాలా?

(సంఘం మండల సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఎన్నికలు అయిపోతాయి, ఊళ్లో పగలు మాత్రం అయిపోవు. వేరే పార్టీకి ఓటేశాడని పక్క చేను రైతుతో మాట మానేసినవాళ్లు ఈ సభలోనే ఉన్నారు. పేర్లు చెప్పను, ఇప్పుడు నవ్వుతున్నవాళ్లను చూస్తే తెలుస్తుంది. కాలువ చివరి భూములకు నీళ్లు రాకపోతే ఒక పార్టీవాళ్లు పొద్దున ఆఫీసుకు పోతారు, ఇంకో పార్టీవాళ్లు సాయంత్రం పోతారు. ఇద్దరికీ ‘చూద్దాం’ అనే జవాబే. అందరూ కలిసిపోతే ఆ మాట అనడం అంత తేలిక కాదు.

2020 నవంబర్ 26న మొదలైన ఢిల్లీ పోరాటం గుర్తుందిగా. సంయుక్త కిసాన్ మోర్చాలో దాదాపు 40 సంఘాలు. ఎర్రజెండా వాళ్లున్నారు, ఏ పార్టీ గాలీ సోకనివ్వని వాళ్లున్నారు, అంతకుముందు అధికార పార్టీకే ఓటేసిన రైతులూ ఉన్నారు. లోపల తగువులు లేవా? ఉన్నాయి. జనవరి 26 ట్రాక్టర్ల పరేడ్ తర్వాత గట్టిగానే వచ్చాయి. అయినా ప్రభుత్వంతో 11 సార్లు చర్చలకు కూర్చున్నప్పుడు మూడు చట్టాలూ రద్దు చేయాలన్న మాట మారలేదు. 2021 నవంబర్ 19న రద్దు ప్రకటన వచ్చింది.

నాకు అంతకన్నా పెద్ద విషయం ముజఫర్‌నగర్. 2013 అల్లర్లలో అక్కడ 60 మందికి పైగా చనిపోయారు. పక్కపక్క పొలాల జాట్లూ ముస్లింలూ విడిపోయారు, రైతు సంఘమూ చీలింది. 2021 సెప్టెంబర్ 5న అదే ఊళ్లో మహాపంచాయతీ వేదిక మీద ‘అల్లాహు అక్బర్’, ‘హర హర మహాదేవ్’ రెండు నినాదాలూ కలిపి ఇచ్చారు. చచ్చినవాళ్లు తిరిగిరాలేదు, అయినా పక్కపక్కన కూర్చున్నారు. మన ఊళ్లో ఫ్లెక్సీ చింపిన తగాదా అంతకంటే పెద్దదా?

వాదన మానమని నేననను. నా ఓటు నేను మార్చను, మీ ఓటు మార్చమనీ అడగను. ‘అమ్ముడుపోయావు’ అనే ఒక్క మాట మాత్రం వదిలేయండి. అది అన్నాక అవతలివాడు మీ లెక్క వినడు. ఖర్చు మీద కనీసం సగం కలిపి మద్దతు ధర ఇవ్వాలని స్వామినాథన్ కమిషన్ 2006లో చెప్పింది. ఆ తర్వాత వేర్వేరు పార్టీల ప్రభుత్వాలు చూశాం. సొంత భూమి కౌలు, పెట్టుబడి వడ్డీ కలిపిన ఖర్చు మీద ఆ ధర ఎవరూ ఇవ్వలేదు. ఇక్కడ ఓడినవాడిలో మీ పార్టీవాడూ ఉన్నాడు, నా పార్టీవాడూ ఉన్నాడు.

ధాన్యం కొనుగోలు మీద వచ్చే నెల వినతిపత్రం ఇస్తున్నాం. సంతకాల కాగితం ముందు అవతలి పార్టీవాళ్ల ఇళ్లకు తీసుకెళ్లండి. టీ ఇస్తే కూర్చుని తాగి రండి.