విదేశంలో పెండ్లి: ఏర్పాట్లవారిని ఎంచుకొనుట
(సంఘ సభలో చేసిన ప్రసంగ పాఠము)

ఉగాది పచ్చడి తిని వచ్చినవారి యెదుట పెండ్లి ఖర్చుల సంగతి మాట్లాడమన్నారు కార్యదర్శిగారు. ఈవేళ చేదుకు కూడా చోటున్నది గదా అన్న ధైర్యంతో మొదలుపెడుతున్నాము.

ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అన్నారు పెద్దలు. 1952లో విజయావారు మన మదరాసులోనే ఆ సామెతలో రెండవ సగాన్ని సినిమాగా తీశారు. పరదేశం వెళ్ళి చేసి చూడమని మాత్రం యెవరూ అనలేదు. 2023 నవంబరులో నటులు వరుణ్ తేజ్, లావణ్య త్రిపాఠి గారల వివాహం ఇటలీలో జరిగితే అది సినిమావారి సంగతి అనుకున్నాము. రెండేళ్ళు తిరగకముందే, శ్రావణంలో, మా అమ్మాయి పెండ్లి థాయిలాండులోని ఫుకెట్ ద్వీపంలో చేశాము. వరుడు అమెరికాలో, వియ్యాలవారు సింగపూరులో, మేము మాంబళంలో. అందరికీ నడిమిచోటు అన్నారు పిల్లలు. పటంలో చూస్తే అమెరికాకు అది నడుమ యెట్లా అయిందో మాకు ఇప్పటికీ తెలియదు.

మొదట కుదుర్చుకున్న ప్లానరును యెంచుకున్నది మేము కాదు, వారు చూపిన ఫోటోలు. సముద్రపు టొడ్డున పూలపందిరి చూసి మురిసి అడ్వాన్సు ఇచ్చాము. ముహూర్తం మాట వచ్చింది. చెన్నైకి కట్టిన లగ్నం ఉదయం 6-42. "అక్కడి గడియారం గంటన్నర ముందు గనుక 8-12 అని శుభలేఖ వేయిస్తాము" అన్నారు. మా పురోహితులుగారు అది విని తల పట్టుకున్నారు. తిథి, నక్షత్రం లోకమంతటికీ ఒకే క్షణాన మారుతాయి. గడియారపు తేడా కలుపుకుంటే చాలు. లగ్నం అట్లా కాదు, నిలుచున్న చోటును బట్టి ఉదయిస్తుంది. ఫుకెట్ మనకు సుమారు పద్ధెనిమిది డిగ్రీలు తూర్పు. డిగ్రీకి నాలుగు నిమిషాల వంతున అదే లగ్నం అక్కడ గంటా పన్నెండు నిమిషాల ముందే వస్తుంది. అంటే అక్కడి గడియారంలో యేడు గంటల ప్రాంతం. వారి లెక్కన కూర్చుంటే లగ్నంలో సగానికి పైగా జారిపోయేది. ఆ ఊరి అక్షాంశ రేఖాంశాలతో మళ్ళీ కట్టించుకోవలసిందే.

ఆ తరువాత హోమం సంగతి అడిగితే, అగ్నికి బదులు దీపం పెట్టించుకోమన్నారు. అక్కడితో వారికి దండం పెట్టాము. అడ్వాన్సు తిరిగి రాలేదు. రాదని కాగితంలో చిన్న అక్షరాలతో వున్నదట. మేము సంతకం పెట్టిన కాగితమే!

రెండవసారి ఫోటోలు చూడలేదు, ప్రశ్నలు వ్రాసుకొని వెళ్ళాము. హోమానికి హోటలువారి అనుమతి వ్రాతమూలకంగా తెస్తారా? వాన వస్తే యెక్కడ? పొగ పసిగట్టి గంట మోగించే యంత్రాలున్న హాలు అయితే వాటిని ఆపే అధికారం యెవరిది? బయటి వంటవాళ్ళను రానిస్తారా, దానికి వేరే రుసుము యెంత? సందర్శకుల వీసాతో వెళ్ళినవారు అక్కడ పని చేయరాదు గనుక మన పురోహితులకూ, సన్నాయి మేళానికీ, ఫోటోగ్రాఫరుకూ అనుమతి పత్రాలు యెవరు తెస్తారు? ఈ చివరి ప్రశ్నకు ముగ్గురు ప్లానర్లు నవ్వి వూరుకున్నారు. నాలుగవవారు రెండు రోజులు గడువడిగి జవాబు తెచ్చారు. వారినే పెట్టుకున్నాము.

వాన వచ్చింది. రాకేమి? అక్కడ మే నుంచి అక్టోబరు వరకు వానలే. వానలు లేని డిసెంబరులో అమెరికా బంధువులకు సెలవులుంటాయి, మనకు ధనుర్మాసం, ముహూర్తాలుండవు. మాఘ ఫాల్గుణాలు అన్నిటికీ కలిసివస్తాయి గాని అప్పుడు గదుల వెల ఆకాశంలో వుంటుంది. మొత్తానికి కప్పున్న మంటపంలో, మంటలార్పే సిలిండర్లు పట్టుకొని యిద్దరు హోటలు మనుషులు పక్కన నిలబడగా హోమం జరిగింది. పెండ్లి ఫోటోలు అన్నింటిలోనూ వారిద్దరూ వున్నారు.

పూలు, దీపాలు, బాజాల సంగతి చెప్పను, డబ్బిస్తే దొరుకుతాయి. గదుల లెక్క మాత్రం జాగ్రత్త. అరవై గదులు మాట ఇచ్చాము, పదకొండు ఖాళీగా వుండిపోయాయి, అన్నిటికీ కట్టాము. ఎన్ని గదులను యే తేదీలోగా వదులుకోవచ్చునో ముందే వ్రాయించుకోవలెను. బ్యాంకు ద్వారా పంపే సొమ్ముకు మనిషికి యేడాదికి రెండున్నర లక్షల డాలర్ల హద్దున్నది. టూరు ప్యాకేజీ మీద ముందుగా పన్ను పట్టుకుంటారు. ఆదాయపు పన్ను లెక్కలో అది సర్దుబాటవుతుంది గనుక రసీదు దాచుకోండి. వెళ్ళేటప్పుడు విమానాశ్రయంలో కస్టమ్సువారికి నగలు చూపి ఎగుమతి సర్టిఫికెట్ తీసుకోండి. లేకుంటే తిరిగి వచ్చేటప్పుడు మన నగలు మనవేనని నిరూపించుకోవలసి వస్తుంది.

ఇక చట్టం. సప్తపది జరిపే చోట యేడవ అడుగుతో వివాహం పూర్తి అవుతుందని 1955 నాటి హిందూ వివాహ చట్టం చెబుతున్నది. తంతు లేకుండా వట్టి రిజిస్ట్రేషను కాగితం ఆ చట్టం కింద పెండ్లి కాదని 2024లో సుప్రీంకోర్టు తేల్చింది. అయితే అమ్మాయి వీసాకు కాగితమే కావాలి. తమిళనాడు 2009 చట్టం ఈ రాష్ట్రంలో జరిగిన పెండ్లిండ్లకే. విదేశంలో మన రాయబార కార్యాలయం ద్వారా చేసుకొనేందుకు 1969 చట్టమొకటి వున్నది. మేము 1954 ప్రత్యేక వివాహ చట్టం కింద ముప్పై రోజుల నోటీసు ఇచ్చి, బయలుదేరేముందే ఇక్కడ రిజిస్టరు చేయించాము. ప్లానరు యెవరూ ఈ సంగతి చెప్పలేదు, అది వారి పని కాదన్నారు. నిజమే, వకీలును అడగవలసిన మాట.

మా అమ్మగారికి యెనభైనాలుగేళ్ళు, మోకాళ్ళ నొప్పులు. విమానం యెక్కలేదు. పెండ్లికూతురిని చేయడం, మంగళ స్నానం మాంబళం యింట్లో ఆమె చేతి మీదుగానే జరిపించాము. జీలకర్ర బెల్లం పెట్టే వేళకు ఫోనులో బొమ్మ నిలిచిపోయింది. తిరిగి వచ్చాక లెక్కలు చూస్తుంటే పక్కన కూర్చుని, "పిల్ల పెళ్ళి చూడలేదు గాని, పెళ్ళి లెక్కలు మాత్రం విన్నాను" అన్నది. దానికి మా దగ్గర జవాబు లేదు. రెండవ పిల్ల సంబంధం మాట్లాడేటప్పుడు మొదట చూడబోయేది టి.నగరులో మంటపాల ఖాళీలే.

మా రెండు ఒప్పందాల నకళ్ళు, ప్రశ్నల జాబితా సంఘ గ్రంథాలయంలో యిచ్చాము. కావలసినవారు చూసుకోవచ్చును.