ఫీజు లేదని దావా మానుకోవద్దు
పిల్లలూ, మార్కాపురం, గిద్దలూరు కోర్టుల దాకా పోయి, ఫీజు మాట వినగానే తిరిగొచ్చే మనవాళ్లను చూస్తూనే ఉన్నాం. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 33వ ఆర్డరు ఉంది. కట్టే స్తోమత లేదని ఆస్తుల జాబితాతో అర్జీ పెడితే, కోర్టు విచారించి, ఫీజు లేకుండానే దావా నడపనిస్తుంది. పాత వకీళ్లు పాపర్ దావా అంటారు. 1976 సవరణలో చట్టం ఆ మాట తీసేసింది, మంచిదే. ‘పొలముందిగా’ అని ఎవరైనా బెదిరిస్తే బెదరొద్దు. తగాదాలో ఉన్న భూమిని ఆ లెక్కలో వేయరు. కానీ ఇది మాఫీ కాదు, ఓడితే ఫీజు కట్టమంటారు.

అందుకే ముందు కోర్టులోని న్యాయ సేవల కమిటీకి వెళ్లాలి. 1987 నాటి చట్టం 12వ సెక్షన్ కింద గిరిజనులకు ఆదాయంతో పనిలేదు. కేసులో పస ఉంటే వకీలు ఉచితం, కోర్టు ఫీజూ వాళ్లే చూస్తారు. ఫోను 15100. పెద్దవాళ్లు అర్జీ రాయించేటప్పుడు పక్కన కూర్చోండి. మేకల్ని కూడా జాబితాలో రాయించండి, దాస్తే అర్జీ కొట్టేస్తారు.