ఒక రోజు - ఒక ఊరు

(మన సంఘ వార్షిక సర్వసభ్య సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



నాకు ఇచ్చిన సమయం పదిహేను నిమిషాలు. నేను మాట్లాడవలసింది ఎజెండాలోని ఏడవ అంశం గురించి. "సభ్యుల వయోభారం దృష్ట్యా సంఘం తరఫున జరిపే ఒక రోజు యాత్రలను ఇకపై నిలుపుదల చేయుట" అని అందులో ఉన్నది. ప్రతిపాదించిన మిత్రులు మన మంచి కోరేవారే. క్రిందటేడు దారిలో ఒక సభ్యునికి కళ్ళు తిరిగితే బస్సు ఆపి ఆస్పత్రికి తీసుకువెళ్ళిన సంగతి అందరికీ తెలుసు. ఆ భయాన్ని నేను తేలిక చేయను. అయినా ఈ తీర్మానాన్ని వ్యతిరేకించడానికే లేచాను. మానవలసింది యాత్రలను కాదు, మనం యాత్ర చేస్తున్న పద్ధతిని అని నా మనవి.

ఆ పద్ధతి ఏమిటో క్రిందటేటి యాత్ర చెబుతుంది. ఒక ప్రైవేటు ట్రావెల్స్ వారు ఒక్క రోజులో అయిదు స్థలాలు చూపిస్తామన్నారు. తెల్లవారుజామున అయిదు గంటలకు బయలుదేరాం. వేయిస్తంభాల గుడి, భద్రకాళి, వరంగల్ కోట, పాలంపేట రామప్ప గుడి, చివర లక్నవరం. రానుపోను నాలుగు వందల కిలోమీటర్లు పైచిలుకు. పాలంపేట చేరేసరికి సాయంత్రమైంది. రామప్ప గుడి అంటే మాటలా! గణపతిదేవుని సేనాని రేచర్ల రుద్రుడు 1213లో కట్టించినది, 2021లో యునెస్కో ప్రపంచ వారసత్వ జాబితాలో చేరినది. అక్కడ మనకు దక్కింది నలభై నిమిషాలు. మైకు పట్టుకున్న కుర్రవాడు నీళ్ళలో తేలే ఇటుకల సంగతి, పునాదిలో ఇసుక పోసిన సంగతి వల్లె వేసినట్లు ఒప్పజెప్పి, "పదండి సార్, లేటైపోతున్నది" అన్నాడు. అతని తప్పేమీ లేదు, అతనికిచ్చిన గడువు అంతే. గుడికి దగ్గరలోనే రామప్ప చెరువు ఉన్నది. ఎనిమిది వందల ఏళ్ళుగా పొలాలకు నీళ్ళిస్తున్న చెరువు. నలభై రెండు మందిమి వెళ్ళాం, ఒక్కరం కూడా ఆ కట్ట ఎక్కలేదు. నీటిపారుదల శాఖలో ముప్పయ్యారేళ్ళు పనిచేసినవాణ్ణి నేను, నాకెలా ఉంటుందో మీరే ఊహించండి.

కళ్ళు తిరగడం వయసు వల్ల కాదు. పన్నెండు గంటలు బస్సులో కూర్చుని, మూత్రానికి వెళ్ళవలసి వస్తుందని నీళ్ళు తాగకపోవడం వల్ల. ఆ మాట ఆడవాళ్ళు నాతో చెప్పరు, మా ఇంటావిడతో చెప్పారు.

ఇక ఈ సంవత్సరం మాఘమాసంలో జరిగిన సంగతి చెబుతాను. సంఘం పేరు పెట్టకుండా పద్దెనిమిది మందిమి, సొంత ఖర్చు మీద, ఒకే ఒక్క ఊరికి వెళ్ళి వచ్చాం. ఆ ఊరు నల్లగొండ పక్కనున్న పానగల్లు. మన నగరం నుంచి సుమారు నూరు కిలోమీటర్లు. విజయవాడ రోడ్డు మీద నార్కట్‌పల్లి దాకా వెళ్ళి నల్లగొండ వైపు తిరగాలి. (చెన్నపట్నంలో పానగల్ పార్కు ఉన్నది కదా, ఆ రాజావారి ఊరేనా అని బస్సులో ఒక మిత్రుడు అడిగారు. కాదు. ఆ పానగల్లు శ్రీకాళహస్తి ప్రాంతానిది.) ఏడింటికి ఎల్.బి. నగర్‌లో బయలుదేరి, దారిలో ఇడ్లీ తిని, పది గంటల లోపు ఊళ్ళో దిగాం. ఎవరికీ ఆయాసం లేదు.

ఈనాడు పానగల్లు చూస్తే ఒకప్పుడు ఇది రాజధాని అంటే నమ్మబుద్ధి కాదు. కందూరు చోడులని ఒక వంశం వారు, మొదట కల్యాణి చాళుక్యులకు సామంతులుగా ఉండి, ఇక్కడి నుంచి ఏలారు. కాకతి రుద్రదేవుడు వారి మీదికి దండెత్తి గెలిచాడు. ఆ విజయం సంగతి హనుమకొండ వేయిస్తంభాల గుడిలోని 1163 నాటి శాసనంలో ఉన్నది. అంటే క్రిందటేడు మనం పావుగంటలో చుట్టివచ్చిన గుడిలోని రాతికీ ఈ ఊరికీ చుట్టరికం ఉన్నదన్నమాట.

మాకు ఊరు చూపించినవారు వృత్తి రీత్యా గైడు కాదు. ఆ ప్రాంతపు బడిలో లెక్కలు చెప్పి రిటైరైన మాస్టారు. మన వయసువారే. ముందుగా ఉత్తరం వ్రాస్తే, "పది మందికి మించకుంటే మంచిది సారూ, ఇరవై అయితే గొంతు చాలదు" అని ఫోను చేశారు. పద్దెనిమిది మందికి ఒప్పించేసరికి నా తల ప్రాణం తోకకు వచ్చింది. ఆయన వెంట నాలుగు ప్లాస్టిక్ కుర్చీలు ఆటోలో వచ్చాయి. ఎక్కడ నిలబడి మాట్లాడితే అక్కడ కుర్చీలు వేయించేవారు. నాకు ఆ కుర్చీలు చూడగానే ఈ యాత్ర బాగుంటుందనిపించింది.

మొదట ఛాయా సోమేశ్వరాలయం. వరి మళ్ళ మధ్యన ఉంటుంది. మూడు గర్భగుళ్ళు, నడుమ ఒక మండపం. పడమటి గర్భగుడిలో లింగం వెనుక గోడ మీద ఒక స్తంభం నీడ పడుతుంది. పొద్దున చూసినా మధ్యాహ్నం చూసినా నీడ అక్కడే. సూర్యుడు కదిలినా నీడ కదలదు. మాలో సగం మంది చేతులు జోడించారు, మిగతా సగం మంది వాదనకు దిగారు. మాస్టారు ఇరువర్గాలనూ కాసేపు మాట్లాడనిచ్చి, కుర్చీలో కూర్చుని, జేబులోంచి సుద్దముక్క తీసి బండ మీద గుడి పటం గీశారు. ఆ నీడ ఒక్క స్తంభానిది కాదట. మండపంలోకి వెలుతురు ఒకే దిక్కు నుంచి రాదు. ఎండ నేరుగా లోపలికి రాకుండా, ఇరువైపుల తెరిపి నుంచి పరచుకున్న వెలుతురు వస్తుంది. స్తంభాలు ఆ వెలుతురుకు అడ్డుపడే తీరు వల్ల నీడలు ఒకే చోట కలిసి ఒకటిగా కనబడతాయి. "కట్టినాయనకు లెక్కలొచ్చు. నా దగ్గర చదువుకోలే, అంతే" అన్నారు. అందరం నవ్వాం. చేతులు జోడించినవారు మళ్ళీ జోడించారు. లెక్క తెలిశాక భక్తి తగ్గినట్లు నాకు కనిపించలేదు. ఆ గుడిలో మేము గడిపింది గంటన్నర. మధ్యలో వాదించుకోవడానికి, కూర్చోవడానికి, ఊరికే ఉండడానికి కూడా సమయం ఉన్నది.

పచ్చల సోమేశ్వరాలయం, దాని పక్కనున్న మ్యూజియం గురించి వివరంగా చెప్పను. గోడల మీద రామాయణ, భారత కథలు చెక్కి ఉన్నాయి. చూపు మందగించినవారు భూతద్దం తెచ్చుకుంటే మంచిది.

నేను చెప్పదలచిన అసలు సంగతి చెరువు. పేరు ఉదయసముద్రం. కందూరు చోడులలో ఉదయ చోడుని పేర వెలసింది. ఆ రోజుల్లో గుడి కట్టినవారు చెరువు కూడా తవ్వించేవారు. ఎందుకంటే దేవునికి దీపం వెలగాలంటే నూనె కావాలి, నైవేద్యానికి బియ్యం కావాలి, బియ్యానికి నీరు కావాలి. కాకతీయుల కాలపు శాసనాలు చదివితే ఫలానా చెరువు వెనుక ఇన్ని మర్తురుల భూమి దేవునికి ఇచ్చామని ఉంటుంది. చెరువు బాగోగులు చూసేవారికి దశబంధం అని భూమి ఇచ్చేవారు. కట్టడం ఒక ఎత్తు, దాన్ని నిలబెట్టడానికి మనిషిని పెట్టడం ఇంకొక ఎత్తు అని ఆ పెద్దలకు తెలుసు. ఎస్టిమేట్లు వ్రాసిన చేతులు ఈ సభలో చాలా ఉన్నాయి. కట్టడానికి నిధులు వచ్చి, మరమ్మత్తుకు రాకపోతే ఏమవుతుందో నేను చెప్పనక్కరలేదు.

ఆ కట్ట మీదికి బస్సు దిగి నాలుగడుగులు వేస్తే చాలు. మాతో వచ్చిన ఎనభయ్యొక్క ఏళ్ళ మిత్రులు కర్ర సాయంతో ఎక్కారు. నేను 1970లలో ఆ జిల్లాలో ఓవర్సీరుగా పనిచేశాను. ఆనాటి నల్లగొండ పల్లెల్లో బోరు నీళ్ళ ఫ్లోరైడు వల్ల నడుములు వంగి, కాళ్ళు వంకరపోయిన వాళ్ళను చూశాను. నలభై ఏళ్ళవాడు డెబ్భై ఏళ్ళవాడిలా ఉండేవాడు. పిల్లలు నవ్వితే పళ్ళ మీద గోధుమ రంగు మచ్చలు. ఈనాడు ఆ ఉదయసముద్రంలో ఉన్నవి వాన నీళ్ళు మాత్రమే కాదు. నాగార్జునసాగర్ జలాశయం నుంచి పుట్టంగండి దగ్గర ఎత్తిపోసిన కృష్ణా నీళ్ళు అక్కంపల్లి మీదుగా కాలువలో వచ్చి ఈ చెరువులో చేరుతున్నాయి. తాగునీటికీ వాడుతున్నారు. 2004 నుంచి మన హైదరాబాదు కుళాయిల్లోకి వస్తున్న కృష్ణా నీళ్ళు కూడా ఆ అక్కంపల్లి నుంచే. మధ్యయుగంలో తవ్విన చెరువు, మన పొద్దుటి కాఫీ ఒకే నీటి మీద ఆధారపడి ఉన్నాయి. ఈ మాట అక్కడ కట్ట మీద చెబితే మా బృందం చాలాసేపు ఎవరూ మాట్లాడలేదు.

అక్కడే గేదెలను తోలుకొస్తున్న ఒక ముసలమ్మ ఆగింది. "ఏడికెల్లి వచ్చిన్రు బిడ్డా?" అని మా ఆవిడను అడిగింది. పట్నం నుంచి అని చెప్పాం. "రోజూ కార్లల్ల వస్తరు, గుడికాడికి పోయి ఫోటువలు దిగి పోతరు. ఊళ్ళెకెవ్వరు రారు" అన్నది. తాను మర్రిగూడెం దిక్కు నుంచి కూతురింటికి వచ్చి ఉంటున్నానని చెప్పి, తన మోకాళ్ళు చూపించింది. చిన్నప్పటి నీళ్ళ చలవే అది. తర్వాత మనవణ్ణి పిలిచి, "నోరు తెరువురా" అన్నది. వాడు సిగ్గుపడుతూ తెరిచాడు. పళ్ళు తెల్లగా ఉన్నాయి. అంతకన్నా ఆమె ఏమీ చెప్పలేదు.

క్రిందటేటి అయిదు స్థలాల యాత్రలో ఈ ముసలమ్మ మనకు కనిపించేదా? ఆ రోజు బస్సు ఆగే ప్రతి చోటా ఒక టికెట్టు, ఒక ఫోటో, ఒక టీ. ఊరివాళ్ళతో మన మాట "టాయిలెట్ ఎక్కడ" అన్నది ఒక్కటే.

మధ్యాహ్న భోజనం ఊళ్ళోని మహిళా పొదుపు సంఘం వారు వండి పెట్టారు. జొన్న రొట్టె, వంకాయ కూర, పచ్చి పులుసు, పెరుగన్నం. ఉప్పు తగ్గించమని ముందే చెప్పాం. షుగరు ఉన్నవాళ్ళకు రొట్టెలు ఎక్కువ, అన్నం తక్కువ. మనిషికి నూట యాభై రూపాయలు ఇచ్చాం. హైవే మీద హోటల్లో అంతకన్నా ఎక్కువే అయ్యేది, ఆ డబ్బు ఊరికి చేరేది కాదు. భోజనం తర్వాత బడి వరండాలో చాపలు వేసి ఇచ్చారు. గంటసేపు నడుము వాల్చాం. ప్రధానోపాధ్యాయులు బడి మరుగుదొడ్ల తాళం తీయించి ఉంచారు. ఇవన్నీ వినడానికి చిన్న విషయాలు. మన వయసులో యాత్ర జరగడం, జరగకపోవడం వీటి మీదనే ఆధారపడి ఉంటుంది. సాయంత్రం ఏడింటికల్లా అందరం ఇళ్ళలో ఉన్నాం.

కొందరు మిత్రులు అడిగారు, "అంత దూరం వెళ్ళి ఒక్క ఊరేనా, పక్కనే సూర్యాపేట, పిల్లలమర్రి కూడా చూసి రావచ్చు కదా" అని. పిల్లలమర్రి తప్పక చూడవలసిన ఊరు. (మహబూబ్‌నగర్ దగ్గర ఊడల మర్రిచెట్టు ఉన్న పిల్లలమర్రి కాదు ఇది.) రేచర్ల వంశం వారు పాలించిన చోటు. ఎరకేశ్వరాలయం, నామేశ్వరాలయం అక్కడే ఉన్నాయి. కనుకనే దానికి వేరే రోజు కావాలి. ఆలేరు దగ్గరి కొలనుపాకకు వేరే రోజు. అక్కడ జైన దేవాలయం, సోమేశ్వరాలయం రెండూ ఉన్నాయి, మనకు ఎనభై కిలోమీటర్లే. పాలంపేటకు అయితే హనుమకొండలో ఒక రాత్రి బస చేసి, మరునాడు పొద్దున్నే వెళ్ళాలి. ఒకే రోజులో వెళ్ళి రావడం మన వాళ్ళకు తగదు, ఆ విషయంలో తీర్మానం పెట్టినవారితో నేను ఏకీభవిస్తాను.

కనుక ఏడవ అంశానికి నా సవరణ ఇది. సంఘం యాత్రలు కొనసాగాలి. ఒక రోజుకు ఒకే ఊరు, నూట నలభై కిలోమీటర్లకు మించని దూరం, ఇరవై మందికి మించని బృందం. ఎక్కువ మంది వస్తామంటే రెండు విడతలు. ఊరు తెలిసిన మనిషి ఒకరు ముందుగా కుదిరితేనే తేదీ ప్రకటించాలి. వారికి గౌరవ వేతనం సంఘం నిధి నుంచి ఇవ్వాలి. పానగల్లు మాస్టారు డబ్బు తీసుకోలేదు, బడి గ్రంథాలయానికి పుస్తకాలు పంపమన్నారు. పంపాం. అందరూ అలా ఉండాలని మనం ఆశించకూడదు. భోజనం ఊళ్ళోనే. మడత కుర్చీలు ఆరు సంఘం కొనాలి. బి.పి. మిషను, ఒ.ఆర్.ఎస్. పొట్లాలు బస్సులో ఉండాలి. ప్రతి సభ్యుడూ తన మందుల చీటీ, ఇంటివారి ఫోను నెంబరు జేబులో పెట్టుకోవాలి.

ఇంకొక మాట. నడవలేని సభ్యుల కోసం కొడుకులు, కోడళ్ళు, మనవలు వెంట రావడానికి మన నిబంధన ఇప్పుడు అడ్డు చెబుతున్నది, "సభ్యులు, జీవిత భాగస్వామి మాత్రమే" అని. దాన్ని మార్చాలి. ఎనభయ్యొక్క ఏళ్ళ మా మిత్రుణ్ణి కట్ట ఎక్కించింది ఆయన మనవరాలు. నిబంధన ప్రకారం ఆ అమ్మాయి బస్సులో ఉండకూడదు.

సవరణను బలపరచేవారు ఇప్పుడే చేతులెత్తవలసిందిగా కోరుతున్నాను. పిల్లలమర్రి యాత్ర కార్తీక మాసంలో పెట్టుకుందామని ఆలోచన. రాదలచినవారు భోజన విరామంలో ద్వారం దగ్గరి బల్ల మీదున్న పుస్తకంలో పేరు, వయసు, మోకాళ్ళ పరిస్థితి వ్రాయగలరు.