రోసీని తరిమిన తెర

(ఫిల్మ్ సొసైటీ మిత్రుల సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



సినిమా అంటే మలయాళపోళ్లదే అని మనం తరచు అనుకుంటం. ఊరికే అనుకుంటలేం. 2016లో వచ్చిన 'మహేషింటె ప్రతికారం'లో ఇడుక్కి కొండలున్నయి, ఫొటో స్టూడియో నడుపుకునే ఒక మామూలు మనిషున్నడు. 2018 నాటి 'సుడానీ ఫ్రం నైజీరియా'లో మలప్పురం ముస్లింల ఇండ్లున్నయి, వాళ్ల ఫుట్‌బాల్ పిచ్చి ఉన్నది, వాళ్ల యాస ఉన్నది. ఆ యాస నవ్వించెతందుకు పెట్టింది కాదు. అందులో తల్లులు ప్రేమ పంచేది ఆ యాసలోనే. మన యాసను విలన్లకు, జోకర్లకు అంటగట్టిన సినిమాలు చూసి పెరిగిన మనకు ఇది కడుపు నిండే సంగతే.

అయితే ఆ తెర పుట్టుక కూడా చూడాలె. మలయాళంలో తొలి సినిమా జె.సి. డేనియల్ తీసిన మూకీ 'విగతకుమారన్'. అందులో నాయిక పి.కె. రోసీ దళిత బిడ్డ. వేసింది నాయర్ స్త్రీ వేషం. తిరువనంతపురం కాపిటల్ థియేటర్ల ఆట పడితే అగ్రకులాలోళ్లు తెర మీద రాళ్లేసిండ్రు. రోసీ ఊరిడిచి తమిళనాడుకు పోయింది. మళ్ల సినిమాల్లో కనిపించలేదు.

1954లో పి. భాస్కరన్, రాము కారియాట్ కలిసి 'నీలకుయిల్' తీసిండ్రు. నాయర్ మాస్టరు నమ్మించి వదిలేసిన దళిత యువతి నీలి కథ అది. కె. రాఘవన్ జనం బాణీలతో పాటలు కట్టిండు. మంచి సినిమా, అందులో అనుమానం లేదు. కానీ నీలి వేషం కట్టింది దళితురాలు కాని మిస్ కుమారి. దళిత బిడ్డ నాయర్ స్త్రీ అయితే రాళ్లు పడ్డయి. వేరేవాళ్లు దళిత స్త్రీ అయితే రాష్ట్రపతి రజత పతకం వచ్చింది.

2016లో రాజీవ్ రవి 'కమ్మటిపాడం' తీసిండు. ఎర్నాకుళం పెరుగుతుంటే పొలాలు పూడ్చి బిల్డింగులు లేస్తయి, అక్కడ బతికిన దళితులు చెదిరిపోతరు. గంగ పాత్ర వేసిన వినాయకన్‌కు రాష్ట్ర ఉత్తమ నటుడి అవార్డు దక్కింది. 2019లో అక్కడి సినిమా మహిళలు తమ ఫిల్మ్ సొసైటీకి రోసీ పేరే పెట్టుకున్నరు. ఇంత దూరం రావడానికి ఎనభై ఏండ్లు దాటింది.

అందుకే మనం వాళ్ల నుంచి నేర్చుకోవాల్సినవి రెండు. మన మాట, మన మట్టి తెర మీదికి రావాలె. వచ్చినంక, ఆ మట్టిలో చెమట కార్చినోళ్లు తెర మీద ఉన్నరా అని అడగాలె. మాట మనదైనంత మాత్రాన న్యాయం దానంతటదే రాదు. రోసీని తరిమింది పరాయోళ్లు కాదు, ఆమె మాట మాట్లాడే సొంత ఊరోళ్లే.